ఆల్బమ్‌లో పాడింది నేనే

2012లో నాకు ఇరవై నాలుగేళ్లు. మేడ్చల్‌లో మా నలుగురి సాఫ్ట్ రాక్ బ్యాండ్‌కు పాడేదాన్ని నేనే. మా తొలి ఆల్బమ్ రికార్డింగ్ ముగిశాక నాకు థైరాయిడ్ ఆపరేషన్ జరిగింది. అందులో గొంతు నరం దెబ్బతిని గొంతు పోయింది. ఆల్బమ్ సీడీలు మాత్రం తెచ్చినవి తెచ్చినట్టే అమ్ముడుపోయాయి.

దుండిగల్ దగ్గర ఒక ఇంజనీరింగ్ కాలేజీవాళ్లు మమ్మల్ని సన్మానానికి పిలిచారు.

"అక్కా, ఒక్క లైన్ పాడక్కా!" అని పిల్లలు అరిచారు.

"వద్దు, జల్దీ కిందికి దిగుదాం పా" అన్నాడు మా గిటారిస్టు కరీం.

ఆ రోజన్నా గొంతు వస్తుందేమోనని మైకు అందుకున్నాను. గాలి, గరగర తప్ప ఏమీ రాలేదు. వేళాకోళం చేస్తున్నాననుకుని హాలంతా నవ్వింది. వెనక నుంచి ఎవరో "గీమె కాదురా, అసలు పాడినామెను పిలువుండ్రి!" అని కేకేశారు. కరీం నా చెయ్యి పట్టుకుని వేదిక దించాడు.

గొంతు ఇక రాదని డాక్టర్ తేల్చేశారు. రెండో ఆల్బమ్ వేరే అమ్మాయి పాడింది. మొన్న షేర్ ఆటోలో అత్వెల్లి వెళ్తుంటే పక్కనున్న పిల్ల నా పాటే కూనిరాగం తీస్తోంది. అది పాడింది నేనేనని చెప్పలేదు. ఈ గొంతుతో చెబితే ఎవరు నమ్ముతారు?