కొడుకు చెప్పిన సాక్ష్యం

బైండింగమ్మ కుట్టిన ఫైల్లో కాగితం వరస తప్పిందని ఇంతవరకు ఎవరూ అనలేదు. ముప్ఫై ఏళ్లుగా వకీళ్ల కాగితాలు కుట్టి కుట్టి ఆమె బొటనవేలు కాయ కాచింది. కుట్టేటప్పుడు పేజీ అంకె చూస్తుందే తప్ప అక్షరం చదవదు. ఊళ్లో తగాదాలన్నీ చదువుతూ కూర్చుంటే పని తెమలదు, పైగా బుర్ర పాడు.

ఆ రోజు మాత్రం చదివింది. అవి సొంత కూతురి కేసు కాగితాలు మరి.

పెళ్లయిన మూడో ఏట కూతురు అత్తవారింట్లో కాలిపోయి చనిపోయింది. కట్నం ఇంకా తెమ్మని వేధించారని పెట్టిన కేసు నాలుగేళ్లు నడిచింది. చివరికి అల్లుడూ వియ్యపురాలూ నిర్దోషులై బయటికొచ్చారు. తీర్పు రోజు జడ్జిగారు చదివింది రెండే ముక్కలు. బైండింగమ్మ ఆయన్ని నోరారా తిట్టింది, ఆయన చెవిన పడితే మరో కేసయ్యేది. పై కోర్టులో అప్పీలు వేయడానికి కొత్తగా కుదుర్చుకున్న వకీలమ్మ తీర్పు నకలూ సాక్షుల వాంగ్మూలాలూ తెప్పించి, కుట్టమని ఆమెకే పంపింది.

ఒక సాక్షి చెబుతుంటే మరో సాక్షి లోపల ఉండకూడదు. ఆమె కూడా సాక్షే, అందుకే కొడుకు సాక్ష్యం చెప్పిన రోజు వరండాలో బెంచీ మీద కూర్చుంది. వాడు చెమటలు కక్కుతూ బయటికొచ్చి, "అంతా చెప్పేశానమ్మా" అన్నాడు. నా తండ్రే అనుకుంటూ కొంగుతో మొహం తుడిచింది. లోపల ఏం జరిగిందో ఆమెకు చెప్పే తీరిక సర్కారు వకీలుకు లేకపోయింది.

వాడు చెప్పిందంతా నలభై ఒకటో పేజీలో ఉంది. 'చనిపోయే ముందు రోజు చెల్లెలు ఫోన్ చేసింది. క్షేమ సమాచారాలే మాట్లాడుకున్నాం. కట్నం ఊసు రాలేదు.' సొంత అన్నే లేదంటుంటే వేధింపులు ఎలా నమ్మమంటారని తీర్పులో జడ్జిగారు రాశారు.

చెల్లెలు పోయిన రోజు గోడకు తల కొట్టుకుంటూ, "నిన్ననే ఫోన్ చేసి ఏడ్చిందమ్మా, డబ్బు తేకపోతే చంపేస్తామన్నారట" అని చెప్పింది వీడే.

సాయంత్రం కొడుకు దుకాణానికి రాగానే ఆ పేజీ వాడి ముందు పెట్టింది.

"ఏంట్రా ఇది?"

వాడు ఆ పేజీని బోర్లా తిప్పాడు. "ఏడ్చిందని చెబితే, మరి నువ్వేమన్నావని అడుగుతారు కదమ్మా."

"ఏమన్నావు?"

"వచ్చేస్తానంది. అప్పుడే నా పెళ్లి కుదిరింది. రెండు నెలలు ఓర్చుకో, ఇప్పుడు ఇంటికి రావద్దన్నాను. ఆ రోజు కోర్టులో నీ కోడలు కూడా కూర్చుంది. తన ముందు ఎలా చెప్పమంటావు?"

అల్లుడు పరాయివాడు, వాణ్ణి నాలుగేళ్లుగా తిట్టుకుంటూ బతికిందామె. వీణ్ణి తిట్టడానికి మాట దొరకలేదు. ఆ రోజు తన కొంగుతో తుడిచింది ఈ అబద్ధపు చెమటనా అని ఒళ్లు మండిపోయింది.

మర్నాడు వకీలమ్మ అంతా విని ఉన్నమాట చెప్పింది. "కింది కోర్టు వదిలేసిన వాళ్లని పై కోర్టు ఊరికే పట్టుకోదమ్మా. మీ అబ్బాయి అబద్ధం చెప్పాడని రాయాలి, ఆయన్ని మళ్లీ పిలిచి అడగమని కోరాలి. రేపు ఆయన మీదే కేసు పడొచ్చు. ఆ పైన కూడా గెలుస్తామని మాటివ్వలేను. రాయమంటారా?"

"రాయండి."

సంతకం పెట్టి, ఫైలు కుట్టి ఇచ్చి ఇల్లు చేరేసరికి కొడుకు గుమ్మంలో నిలబడి ఉన్నాడు. కబురు ముందే అందినట్టుంది.

"నన్నిక ఇంటికి రావద్దంటావా అమ్మా?"

"కడుపున పుట్టినవాళ్లని రావద్దనడం నాకు చేతకాదురా, అది నీకే చేతనైంది" అందామె తాళం తీస్తూ. "లోపలికి రా. అన్నం తిను. రేపు పిలిస్తే కోర్టుకి వచ్చి, దానితో ఏమన్నావో నా ముందు చెప్పు. ఈసారి నేను బయట కూర్చోను."