ఠాణాలో ఉండిపోయిన ఇసుక

ట్రాక్టరు నా పేరున ఉంది. పొలం నాది కాబట్టి బండి కూడా నా పేరునే తీసుకున్నాము. అందుకే ఏటి ఇసుక తోలుతూ నా కొడుకు పట్టుబడ్డాక, బండి విడిపించుకోవడానికి కోర్టు నన్నే రమ్మంది. ఇటుకలు తోలుతున్నానని వాడు నాకు చెప్పేవాడు. ఆ అబద్ధానికి నాలుగు నెలలు వాడితో మాట్లాడలేదు. కానీ విత్తే రోజులు దగ్గరికొచ్చాయి. బండి రాకపోతే ఆ ఏడు పొలం బీడే. నా పొలం కాగితం, పహణీని జామీనుగా పెట్టి, విడుదల కాగితం పట్టుకుని, ఇద్దరం కురుగోడు బస్సెక్కి ఠాణాకు పోయాము.

పట్టుబడ్డ బండ్లన్నీ వెనక దొడ్డిలో వరసగా ఉన్నాయి. ఒక లారీ ఇంజనులోంచి జిల్లేడు మొలిచి, పూసింది కూడా. అంత పెద్ద దొడ్డిలో పిట్ట అరుపు లేదు. మా ట్రాలీలో ఇసుక పట్టుకున్ననాటి లాగే నిండుగా ఉంది.

"ఉసిక సర్కారుది అజ్జీ," అన్నాడు పోలీసాయన. "ఈడనే దింపేసి, ఖాళీ బండి తీస్కపో."

కొడుకు ట్రాలీ తలుపు తీసి పారతో లాగడం మొదలుపెట్టాడు. పైన ఇసుక నిప్పులా ఉంది. జానెడు లోతు పోగానే తడి. నాలుగు నెలల ఎండకు ఆరని తడి. ఆ వాసన ఏటి వాసన కాదు. అప్పుడే తవ్విన గొయ్యి వాసన.

కుప్ప మీద ఆకుపచ్చ బొత్తాం ఒకటి కనిపించింది. తీసి తుడిచాను. రెండు రంధ్రాల్లో ఎర్రదారం ఇంకా ఉంది.

మా ఆయనను ఏటి ఒడ్డున, మా సంఘం సమాధుల తోటలో పెట్టాము. తొడిగిన చొక్కాకు మంచి బొత్తాలుండేవి. మట్టిలోకి పోయేదానికి అవి దండగని కత్తిరించి డబ్బాలో వేసుకున్నాను. కూతురి పాత గౌనువి, ఆకుపచ్చవి కుట్టాను. తెల్లదారం అయిపోతే ఎర్రదారంతోనే కుట్టాను. పెట్టె మూత పడేవరకూ నా కళ్లు ఆ బొత్తాల మీదే ఉన్నాయి.

"యాడ తోడినావురా ఇది?"

"ఏట్లోనే మా."

"ఏట్లో యాడ?"

వాడు పార ఆపాడు. "మన తోట కింద. ఒడ్డు దానికదే ఇరిగి పడిండె. తోడేకి సులువుగా ఉండె. చీకట్లో నేనేం చూడలా మా."

అరచెయ్యి తెరిచి బొత్తాం చూపించాను. ఎవరిదని వాడు అడగలేదు. చూపు కిందికి దించుకున్నాడు.

"ఏందజ్జీ, బంగారమేమన్నా దొరికిందా?" పోలీసాయన కాగితం పట్టుకుని వచ్చాడు. "బిరబిర సహి పెట్టు. నాకు ఆకలైతాంది."

"ఈ ఉసిక నేను తీస్కపోవచ్చునా అప్పా?"

ఆయన పగలబడి నవ్వాడు. "దానికే గదా కేసు! ఈ తూరి నిన్నే లోపలేస్తారు."

బండికి కోర్టు కాగితం ఉంది. ఇసుకకు లేదు. బండి, ట్రాలీ తప్ప ఠాణాలోంచి మరేదీ తీసుకోలేదని ఆయన చదివి వినిపించాడు. మిషన్ బడిలో మూడో తరగతి దాకా చదివిన అక్షరాలు ఒక్కొక్కటే కూడగట్టి సంతకం చేశాను. బొత్తాం నా రొండిన, చీర మడతలో ఉంది.

మరునాడు సమాధుల తోటకు పోయాను. ఏటివైపు చివరి వరస లేదు. ఆయన రాయి ఉండాల్సిన చోట ఉత్త గాలి, ఆ కింద ఏరు.

కేసు ఇంకా నడుస్తోంది. పిలిచినప్పుడల్లా బండి తీసుకుపోయి చూపించి, లోపలికి పోయి సంతకం పెట్టాలి. పోయిన వేసవిలో పిలిచినప్పుడు చూస్తే దొడ్డిలో కుప్ప లేదు.

"యాడికి పోయిందప్పా ఉసిక?"

"సర్కారు పనికే వాడినారజ్జీ. చూడు, ఠాణాకు కొత్త మెట్లు. పోసి నెలయింది."

నేను చెప్పులు విప్పాను.

"ఇదేం గుడి గాదు, ఏసుకునే రా. కాళ్లు బొబ్బలెక్కుతాయి."

వెనక్కి తిరిగి చూశాను. కొడుకు గేటు దగ్గరే ఆగిపోయాడు. పిలిచినా కదల్లేదు.

"నువ్వు పో మా," అన్నాడు.

మిట్టమధ్యాహ్నం. మెట్ల దాకా పరిచిన బండలు అరికాళ్లను కాల్చేశాయి. మొదటి మెట్టు మీద కాలు పెట్టాను. చల్లగా ఉంది. తడిగా ఉంది.