చప్పట్లు కొట్టని ముంతాజక్క

ఈ రోజు సాయంత్రం చిత్తూరులో మా ఫిల్మ్ క్లబ్ వాళ్లు వందేళ్ల నాటి జర్మన్ మూకీ సినిమా ఒకటి వేశారు. మా పక్కింటి ముంతాజక్కను కూడా తీసుకెళ్లాను. మధ్యమధ్యలో తెర మీద రాసి వచ్చే మాటలు ఆమెకు తెలుగులో చెబుతూ కూర్చున్నాను.

కథలో ఒక ధనవంతుడు తన గుర్రబ్బండి కింద పడిన కూలీని వదిలేసి పారిపోతాడు. ఆ తర్వాత అద్దంలో, గోడ మీద, ఎక్కడ చూసినా ఆ చచ్చినవాడి ముఖమే కనిపిస్తుంది. చివరికి మతి చెడి నదిలో దూకేస్తాడు. హాలంతా చప్పట్లు. నేనూ కొట్టాను.

ముంతాజక్క కొట్టలేదు. అప్పుడు గుర్తొచ్చింది. ఆమె భర్తను ఏర్పేడు దగ్గర గుద్ది చంపిన లారీ ఆగకుండా వెళ్లిపోయింది. ఆ డ్రైవరెవరో ఇప్పటికీ తెలియదు.

“తప్పు చేసినవాడికి శిక్ష పడిందిలే అక్కా” అన్నాను.

“వాడు సస్తే ఆ కూలీ పెండ్లానికి ఏమొచ్చిందిమ్మా? ఆమె ఇంటికి పోయి, నా వల్లే అని ఒక్క మాట సెప్పుంటే సాలు గదా. నేనింకా మా వాకిట్లోకి ఆ లారీ వాడొస్తాడేమో అని సూస్తా ఉండాను.”

“వస్తే ఏం చేస్తావక్కా?”

“బాగా తిడతాను. తిట్టినాక కూర్సోమంటాను.”

సినిమా తీసినాయనకు ఆ ధనవంతుణ్ణి పంపడానికి నది దగ్గరైంది, ఆ కూలీ ఇల్లే దూరమైనట్టుంది. మీరైతే ఏ ముగింపుకు చప్పట్లు కొడతారు?