బతికున్న నాన్నకి మూడు జూమ్‌లు

ఆ రోజుల్లో నా బ్యాగులో పైన గ్రూప్స్ గైడు, కింద టీవీ సీరియల్ సీన్ పేపర్లు ఉండేవి. మా ఇంట్లో డిగ్రీ పాసైన మొదటివాణ్ణి నేనే. కవాడిగూడలో టైలర్ షాపు నడిపే మా నాన్న, వచ్చినవాళ్లందరికీ కొలతలు తీస్తూ, "మావోడు అశోక్ నగర్ల కోచింగ్ పోతుండు, ఆఫీసర్ అయితడు" అని చెప్పేవాడు. నేనేమో రెండు వారాలకే కోచింగ్ మానేసి, చిక్కడపల్లిలో ఒక అద్దె ఇంట్లో తీస్తున్న సీరియల్‌కి అసిస్టెంట్ డైరెక్టర్‌గా చేరిపోయాను. మా డైరెక్టర్‌ని ఆల్‌రౌండర్ సార్ అనేవాళ్లం. దేవుడి సినిమా, దయ్యం సినిమా, కామెడీ, సబ్బు యాడ్, ఏడుపు సీరియల్... ఆయన తీయనిది లేదు. (కోపంలోనూ ఆయనకి అన్ని రకాలూ వచ్చు.)

ఒక రోజు హీరోయిన్ చనిపోయిన తండ్రి ఫొటో ముందు ఏడవాలి. ఆ ఫొటో తేవడం నా పని. మర్చిపోయాను. బ్యాగులో ఇంకో ఫొటో మాత్రం ఉంది. నా డిగ్రీ సంబరంలో నాన్న సొంతంగా కుట్టుకున్న కోటు వేసుకుని నారాయణగూడ స్టూడియోలో దిగింది. ఆ పొద్దునే ఫ్రేము కట్టించి తెచ్చాను. "ఫొటో ఏదయ్యా? లైట్లు వేసి కూర్చున్నాం!" అని సార్ అరిచేసరికి నా చేతులు నన్నడక్కుండానే దాన్ని గోడకి తగిలించేశాయి. బొట్టు పెట్టాను. దండ వేశాను. వెనకాలెక్కడో మసగ్గా కనిపిస్తుందిలే అనుకున్నాను. సార్ సరిగ్గా ఆ ఫొటో మీదికే మూడు జూమ్‌లు కొట్టి, ఒక్కోదానికి ఒక్కో ఉరుము సౌండ్ వేయాలని నాచేతే రాయించారు.

షాట్ అయ్యాక నిజం చెప్పాను. "మీ నాన్న బతికే ఉన్నారా?" అన్నారాయన. "ఉన్నడు సార్. మా అమ్మ ఈ సీరియల్ రోజూ చూస్తది సార్." సార్ తల పట్టుకున్నారు. "అది తీసేస్తే ఎపిసోడ్‌లో యాడ్లే మిగుల్తాయయ్యా!"

ఆ ఎపిసోడ్ వచ్చే సోమవారం సాయంత్రం, ఇంట్లో రిమోట్‌లోంచి బ్యాటరీలు తీసి గుప్పిట్లో దాచుకున్నాను. అమ్మ లేచి టీవీ బటన్ నొక్కింది. (టీవీకి బటన్లుంటాయన్న సంగతి డిగ్రీలో చెప్పలేదు.) మొదటి ఉరుముకి అమ్మ నోరు తెరిచింది. రెండోదానికి నాన్న వైపు తిరిగింది. మూడోదానికి ఆయన భుజం గట్టిగా పట్టుకుంది, ఉన్నాడా లేడా అని.

నాన్న టీ గ్లాసు కింద పెట్టాడు. "గా ఫొటో నీ తాన గదా ఉండె? ఆడికెట్ల పోయింది?"

"నాన్నా... నేను కోచింగ్ పోతలేను. గా సీరియల్ల పని చేస్తున్న."

"ఎన్ని దినాల సంది?"

"ఏడు నెలలు."

నాలుగో ఉరుము నాన్నదే అనుకున్నాను. నాన్న మాత్రం ఒకటే అన్నాడు: "రేపు నన్ను ఆడికి తోల్కపో."

కవాడిగూడ నుంచి చిక్కడపల్లి దాకా నాన్న నాకంటే రెండడుగులు ముందే నడిచాడు. రేపటి నుంచి మళ్లీ గైడే అని నిశ్చయించేసుకున్నాను. సెట్‌లోకి అడుగుపెట్టగానే మేకప్ అక్క ఆయన్ని చూసి పౌడర్ డబ్బా జారవిడిచింది. నాన్న సూటిగా సార్ దగ్గరికెళ్లాడు. "నన్ను సంపినందుకు రాలే సార్. మావోనికి ఈ పని వస్తదా, రాదా? గది చెప్పుండ్రి."

"మర్చిపోతాడండీ," అన్నారు సార్. "కానీ షూటింగ్ ఆగనివ్వడు. నేర్చుకుంటాడు." తర్వాత నాన్నని కిందికీ మీదికీ చూసి, "ఆ కోటు ఇంట్లో ఉందా?" అన్నారు. నా వైపు తిరిగి, "రాసుకో. ఈయన చనిపోలేదు."

ఆ వారంలోనే సీరియల్‌లో నాన్న బతికొచ్చాడు, మళ్లీ మూడు జూమ్‌లతో.

ఇక ఆగలేను, చెప్పేస్తున్నాను: వచ్చే వారం నా సొంత సినిమా మొదలవుతోంది, అదే చిక్కడపల్లిలో! కథంతా విని నాన్న అడిగింది ఒక్కటే: "గిండ్ల ఫొటో సీనున్నదా?" లేదన్నాను. కొంచెం చిన్నబుచ్చుకున్నాడు. అయినా కోటు ఇస్త్రీ చేసిపెట్టుకున్నాడు. గుప్పిట్లో బ్యాటరీలతో చెమటలు కక్కిన ఆ కుర్రాడికి ఇదంతా చెబితే నమ్మేవాడా? నమ్మడు. బ్యాటరీలైనా తిరిగి పెట్టరా అని మాత్రం చెప్పాలనిపిస్తుంది.