కంచె బయటి కోచ్

ఆస్ట్రేలియా ఫుట్‌బాల్ ఆడతానంటే మనవాళ్ళు నన్ను ఎగాదిగా చూసేవారు. కోడిగుడ్డులాంటి బంతి. చేత్తో పట్టొచ్చు, పిడికిలితో గుద్దొచ్చు, కాలితో తన్నొచ్చు, అడ్డొచ్చినవాళ్ళను భుజంతో తోసెయ్యొచ్చు. జర్మనీలోని ఎర్లాంగెన్‌లో ఆఫీసు అయ్యాక సైకిలెక్కి వెళ్ళి ఆడవాళ్ళ జట్టులో ఆరేళ్ళు ఆడాను. చివరికి మోకాలి లిగమెంట్ తెగింది. సరిగ్గా అప్పుడే కరోనా వచ్చింది. సరిహద్దులు మూసేస్తారని మా ఆస్ట్రేలియా కోచ్ తన ఈల నా చేతిలో పెట్టి విమానమెక్కేశాడు. అలా ఆ జట్టుకే కోచ్‌నయ్యాను. అయ్యానన్న మాటే గానీ ఏడాదిన్నర ఒక్క మ్యాచ్ లేదు. లాప్‌టాప్ ముందు గుంజీలు తీయించాను, దూరం దూరంగా నిలబెట్టి బంతి తన్నించాను.

వాయిదాలు పడీ పడీ చలికాలం ముందు ఒక మ్యాచ్ కుదిరింది. కోచ్‌గా నా మొదటిది. గేటు దగ్గర టీకా పత్రాలు చూస్తున్నది మా క్లబ్బు సెక్రటరీయే. ఇక్కడ టెర్మిన్ కోసం, అంటే అపాయింట్‌మెంట్ కోసం, ఎవరు పడిగాపులు కాస్తారని, చెల్లెలి పెళ్ళికి హైదరాబాద్ వెళ్ళినప్పుడు రెండు డోసులూ అక్కడే వేయించుకున్నాను. మన దగ్గర తయారైన టీకా అని గొప్పలు కూడా పోయాను. ఆయన కాగితం అటూ ఇటూ తిప్పి, ఇది ఇక్కడ ఒప్పుకునే టీకాల జాబితాలో లేదు, లోపలికి పంపలేనన్నాడు. ముందురోజు నాతో కలిసి గోలు స్తంభాలు పాతిన మనిషి! టెస్టు చేయించుకొచ్చానన్నాను. టెస్టు చాలదు, టీకాయే ఉండాలి, రూల్ అన్నాడు. ఒళ్ళు మండిపోయింది. నాకు గుచ్చినవి సూదులు కావా?

కంచె బయట నిలబడి గొంతు చించుకున్నాను. ఈ ఆటలో నాలుగు భాగాలు. మూడోది అయ్యాక కోచ్ మైదానం మధ్యకు వెళ్ళి, జట్టును చుట్టూ నిలబెట్టుకుని మాట్లాడడం ఆనవాయితీ. పది పాయింట్లు వెనకబడి ఉన్నాం. నా చోట సెక్రటరీ వెళ్ళి నిలబడ్డాడు. హైదరాబాద్ నుంచి చదువుకోడానికొచ్చిన మా కెప్టెన్ ఆయన పక్కనుంచే జట్టంతటినీ కంచె దగ్గరికి నడిపించుకొచ్చింది. గాలి చూసి, ఎడమవైపు నుంచే తన్నమన్నాను. ఒక్క గోలు తేడాతో, అంటే ఆరు పాయింట్లతో, గెలిచాం.

తర్వాత ఫలితాల కాగితంలో కోచ్ అన్నచోట సెక్రటరీ తన పేరు రాసుకున్నాడు. లోపల ఉన్నవాళ్ళ పేరే రాయాలట. కెప్టెన్ సంతకం పెట్టనంది. సంతకం లేకపోతే ఫలితం చెల్లదన్నాడాయన. ఆమె పెన్ను ఆయన చేతిలోనే పెట్టి బయటికొచ్చేసింది.

నాకు ఆమె మీదా కోపమొచ్చింది. ఇంతమంది పడ్డ కష్టం నా పేరు కోసం నాశనం చేస్తావా, వెళ్ళి సంతకం పెట్టమని కసిరాను.

"పెట్టనక్కా. అందర్నీ అడిగే వచ్చిన. ఆయన పేరు మీద గెల్చుడు కన్నా నీ పేరు మీద ఓడుడే నయమన్నరు."

మరుసటి వేసవికి నా టీకా కూడా జాబితాలో చేరింది. ఇక అంతా సరిపోయిందంటూ సెక్రటరీ నవ్వుతూ చెయ్యి చాచాడు. మేం గెలిచిన ఆ మ్యాచ్ రికార్డుల్లో ఎక్కడ రాశారో చూపించమన్నాను. ఎక్కడా లేదన్నాడు. నేను చెయ్యి ఇవ్వలేదు.