నాలుగో భాగంలో చెప్పులు ఉన్నాయి

ఒక జత చెప్పుల బరువు ఎంతుంటుంది? అదీ చిన్నపిల్లాడి చెప్పులు. పోనీ నిజం చెప్పులా అంటే అవీ కావు, కంప్యూటర్ ఆటలో ఒక గుమ్మం ముందు కనబడే బొమ్మ చెప్పులు. చెబితే మీరు నవ్వుతారు. నేను కూడా నవ్వేసి ఊరుకుందామని చాలా ఏళ్ళు చూశాను. కుదరలేదు. పెళ్ళయింది, పిల్లలు పుట్టారు, జుట్టు పల్చబడింది, ఆ చెప్పులు మాత్రం నా మెడలోంచి దిగలేదు. ఇంట్లో మా ఆవిడకి కూడా ఈ సంగతి తెలీదు. మీరెవరో నాకు తెలీదు కాబట్టి మీకు చెబుతున్నాను. నా పేరు మాత్రం అడక్కండి.

మాది ఆమదాలవలస. స్టేషన్‌కి దగ్గర్లో మా నాన్న జిరాక్స్ కొట్టు పెట్టాడు. ఇప్పుడు నేను నడుపుతున్నాను. రైలు వస్తే కొట్టు కిటకిటలాడుతుంది. రైలు వెళ్ళిపోతే ఈగలు తోలుకోవడమే. మధ్యాహ్నం భోజనం వేళ నాన్న ఇంటికెళ్ళి కాసేపు నడుం వాల్చేవాడు. ఆ కాసేపూ కొట్టు నాదీ, పైడిరాజుదీ.

పైడిరాజు మా మేనత్త కొడుకు. నా ఈడువాడే. ఒకరినొకరం బావా అనే పిలుచుకుంటాం. నేను డిగ్రీలో ఉన్నప్పటికే వాడు చదువు మానేసి వాళ్ళ నాన్నతో వరి పొలంలో దిగాడు. పని లేని రోజున సైకిలెక్కి మా కొట్టుకి వచ్చేసేవాడు. టైపింగ్ కోసం పెట్టిన కంప్యూటర్లో ఇద్దరం దెయ్యాల ఆట ఆడేవాళ్ళం. ఒక్క ఆట కాదు, ఏళ్ళ తరబడి భాగాలు భాగాలుగా వస్తున్న ఆట. అప్పటికి ఆరు భాగాలు వచ్చాయి. దానికి ఇంగ్లీషులో ఏదో పెద్ద పేరుంది. మేం లాంతరాట అనేవాళ్ళం. ఒక అమ్మాయి లాంతరు పట్టుకుని, కొండమీద పాడుబడిన ఇంట్లో, తప్పిపోయిన తమ్ముణ్ణి వెతుకుతూ ఉంటుంది. ఆమె పేరు నోరు తిరిగేది కాదు. పైడిరాజు ఆమెని అప్ప అన్నాడు. మా వైపు అక్కని అలాగే పిలుస్తారు. ఆ తర్వాత ఆమె మా ఇద్దరికీ అప్పే.

మా మధ్య పని పంపకం ఒకటుండేది. చేతులు వాడివి, ఇంగ్లీషు నాది. కీబోర్డు వాడి ముందు ఉండేది. తెర మీద ఉత్తరం ముక్కో, గోడ మీద రాతో, ఎవరిదైనా మాటో వస్తే నేను చదివి తెలుగులో చెప్పేవాణ్ణి. వాడు అప్పని నడిపించినంత నేర్పుగా నేనెవరినీ చూడలేదు. అయినా కొట్టుకొచ్చే కుర్రాళ్ళు గేమ్ మాస్టారు అని పిలిచేది నన్నే. కథ చెప్పే నోరు నాది కదా. ఆ ఏడాదే ఆటల కథలు తెలుగులో చెబుతూ యూట్యూబులో ఛానల్ కూడా మొదలుపెట్టాను. అందులో వాడి ఆట ఉండేది, నా గొంతు ఉండేది. వాడి పేరు ఉండేది కాదు. వాడు అడగలేదు. నేను పెట్టలేదు.

ఇప్పుడు అసలు సిగ్గుపడాల్సిన మాట. గేమ్ మాస్టారికి దెయ్యాలంటే భయం. మామూలు భయం కాదు, ముచ్చెమటలు పోసేవి. తలుపు తెరుచుకునే చోట, సంగీతం ఉన్నట్టుండి ఆగిపోయే చోట, నేను కళ్ళజోడు తుడుచుకునేవాణ్ణి. లేకపోతే పెన్ను కింద పడేసుకుని బల్ల కిందికి వంగేవాణ్ణి. పెన్ను తీయడానికి అంతసేపెందుకని వాడెప్పుడూ అడగలేదు. వాడి చూపు తెర మీదే ఉండేది.

ఆ వరసలో నాలుగో భాగం ఎవరికీ అంతుపట్టనిది. మిగతా వాటిలో అరుపులు, పరుగులు, గోడల్లోంచి వచ్చే చేతులు. నాలుగోదాంట్లో అవేవీ లేవు. అప్ప ఒక్కతే ఇల్లంతా తిరుగుతుంది. చివర్న ఒక గది తలుపు దగ్గరికి లాగి, తాళం వేసి, మెట్లు దిగి వెళ్ళిపోతుంది. ఆట అయిపోతుంది. ఇది ఎప్పుడు జరిగిందో ఎక్కడా చెప్పరు. మరి కథలో దీన్ని ఎక్కడ పెట్టాలి? ఆడేవాళ్ళంతా నెట్లో దీని గురించే జుట్లు పట్టుకునేవాళ్ళు. ఎక్కువమంది ఇది అన్నిటికన్నా చివరిదనేవాళ్ళు. తమ్ముడిక దొరకడని అప్పకి తెలిసిపోయింది, ఆ ఇంటికి తాళం వేసి తన బతుకు తను బతకడానికి వెళ్ళిపోయింది, అదీ వాళ్ళ మాట. నాకూ అదే నచ్చింది. అప్ప మంచిదిగా మిగిలిపోతుంది.

ఆ మధ్యాహ్నం మేం నాలుగో భాగం చివరికి వచ్చాం. అప్ప ఆ గది వైపు నడుస్తోంది. సంగీతం ఆగిపోయింది. నా పెన్ను కింద పడింది. బల్ల కింద కళ్ళు మూసుకున్నాను. లేచేసరికి అప్ప మెట్లు దిగుతోంది. పైడిరాజు కీబోర్డు మీద చేతులు తీసేసి నా వైపు తిరిగాడు.

“బావా, సూసినావా?”

“ఏటి?”

“గుమ్మం కాడ సెప్పులు. సిన్న పిల్లడివి. ఒకటి బోర్లా పడున్నాది.”

“సెప్పులేటిరా? నాకేటీ అగుపడలేదు.”

“ఉన్నాయి బావా! సెప్పులు బయటున్నాయంటే మనిసి లోపలున్నట్టే కదా. అప్ప ఆడ్ని లోపలెట్టే తాళమేసింది. ఇది ఆకర్ది కాదు, ఇదే మొదటిది. తనే తాళమెట్టేసి, మిగతా ఆటలన్నిట్లోనీ ఆడి కోసమే ఎతుకుతన్నాది.”

వాడి మొహం వెలిగిపోతోంది. నేనెప్పుడూ కథ చెప్పేవాణ్ణి, వాడు వినేవాడు. ఆరోజు మొదటిసారి కథ వాడికి దొరికింది. అది నాకు గుచ్చుకుందా? గుచ్చుకుంది. కానీ అంతకన్నా ముందు గుచ్చుకున్నది నా భయం. చూడలేదని ఒప్పుకుంటే ఎందుకు చూడలేదో చెప్పాలి. కళ్ళు మూసుకున్నానని చెప్పాలి. ఇన్నాళ్ళూ మూసుకుంటూనే ఉన్నానని చెప్పాలి.

“లేవురా బాబూ,” అన్నాను. “నేను రెప్ప ఎయ్యకుండా సూస్తన్నాను. నువ్వేదో నీడ సూసి సెప్పులనుకున్నావు.”

“నిజంగా సూసినావా?”

“సూసినాను.”

వాడు తెర వైపు చూశాడు, మళ్ళీ నా వైపు చూశాడు. “అయితే నేనే తప్పు సూసినట్టున్నాను,” అన్నాడు.

ఇంతలో రైలొచ్చింది. ఆధార్ కార్డులు, సర్టిఫికెట్లు పట్టుకుని జనం ఎగబడ్డారు. వాడు కాసేపు నిలబడి, సైకిలు తీసుకుని వెళ్ళిపోయాడు.

భయమేసింది బావా, కళ్ళు మూసుకున్నాను అని అంటే ఏమయ్యేది? పడీ పడీ నవ్వేవాడు. మేనత్తకి చెప్పేవాడు, మేనత్త మా అమ్మకి చెప్పేది, ఓ నెల రోజులు నన్ను ఆటపట్టించేవాళ్ళు. అంతకు మించి ఏమీ అయ్యేది కాదు. ఆ నెల రోజుల నవ్వు భరించలేక నేను ఇంత దూరం వచ్చాను.

ఆ వారమే వీడియో పెట్టాను. ఆరోజు ఆట రికార్డు చెయ్యలేదు, ముందు భాగాల బొమ్మలే వేశాను. నాలుగో భాగం అన్నిటికన్నా చివరిదని, అనుమానమే అక్కర్లేదని, గొంతు సవరించుకుని మరీ చెప్పాను. జనం మెచ్చుకున్నారు. పైడిరాజు కూడా బాగా చెప్పావు బావా అన్నాడు. కానీ వాడన్న ఒక్క మాట నన్ను వదల్లేదు. ఒకటి బోర్లా పడి ఉంది. నీడని చూసినవాడికి అంత వివరం ఎక్కణ్ణుంచి వస్తుంది?

ఒక ఆదివారం కొట్టు షట్టరు సగం దించి ఒక్కణ్ణే కూర్చున్నాను. నా చేతుల్లో అప్ప తప్పతాగినట్టు గోడలకి గుద్దుకుంటూ నడిచింది. ఎలాగో ఆ గది దాకా తీసుకొచ్చాను. సంగీతం ఆగింది. ఈసారి కళ్ళు మూసుకోలేదు.

చెప్పులు ఉన్నాయి. గుమ్మానికి ఎడం పక్కన, చీకట్లో, బుల్లి చెప్పులు. ఒకటి బోర్లా పడి ఉంది. ఆ ఆట తయారైన దేశంలోనూ మనలాగే చెప్పులు బయట విప్పి లోపలికి వెళతారట. మా వైపు చిన్నపిల్లలు కూడా గుమ్మం ముందు చెప్పులు చూసి ఇంట్లో ఎవరున్నారో చెప్పేస్తారు. పైడిరాజు చేసింది అంతే. ఎవరింటికైనా వెళ్ళినప్పుడు చూసినట్టే చూశాడు.

అప్పుడైనా చెప్పొచ్చు కదా? చెప్పలేదు. నేను చేసింది ఇది: కంప్యూటర్ ఫార్మాట్ కొట్టేశాను. సీడీ విరిచేశాను. మళ్ళీ ఓసారి ఆడి చూద్దాం బావా అని వాడు వచ్చిన రోజున, వైరస్ వచ్చి అంతా పోయిందని చెప్పాను. పోన్లే, నాదే పొరపాటు అని వాడు నన్నే ఓదార్చాడు. చెప్పుల సంగతి ఇంగ్లీషులో అక్కడక్కడా కొందరు రాశారు కూడా. అవి చదివి చెప్పాల్సినవాణ్ణి నేనే. నేను చదివాను, చెప్పలేదు.

అంతకుముందు వాడెలా ఉండేవాడో మీకు చెప్పాలి. ప్లాట్‌ఫాం మీద నిలబడి, పరుగెడుతున్న గూడ్సు బండి పెట్టెల మీద అంకెలు చదివి పందేలు గెలిచేవాడు. నేను చూశానంటే చూశానంతే అనేవాడు. ఆ తర్వాత ఆ మాట వాడి నోట వినలేదు. ‘నాకలా అనిపించింది, మరి నిజమో కాదో’ అనడం మొదలుపెట్టాడు. శృంగవరపుకోటలో ఒక పెళ్ళికి వెళ్ళినప్పుడు ఒకమ్మాయి వాణ్ణి చూసి నవ్వింది. బావా, నన్ను చూసే నవ్విందంటావా అని నన్నడిగాడు. నేనేమన్నానో తెలుసా? మళ్ళీ చెప్పులు కనబడ్డాయేంట్రా అన్నాను. వాడూ నవ్వేశాడు. ఆ అమ్మాయి ఊసు మళ్ళీ ఎత్తలేదు. నవ్వింది నిజంగా వాణ్ణి చూసే. నేను పక్కనే ఉన్నాను, ఆరోజు నా కళ్ళు తెరిచే ఉన్నాయి.

వాడి బతుకేమీ పాడవలేదు. సాలూరులో లారీ నడుపుతున్నాడు, మంచి పిల్లని చేసుకున్నాడు, ఒక కూతురు. కానీ ఏ పని చెయ్యాలన్నా నాకు ఫోను చేస్తాడు. పాపని ఏ బళ్ళో వెయ్యాలి, ఇంటికి ఏ రంగు వేయించాలి, ఆఖరికి పాప మొహం వాడినట్టు కనబడుతోంది, నిజంగా వాడిందా అని కూడా. అంతా నా వల్లేనా? ఆటలో ఒక జత చెప్పుల గురించి అబద్ధమాడితే మనిషి ఇంత మారిపోతాడా? వయసుతో అందరూ నెమ్మదిస్తారు కదా అని సర్దిచెప్పుకుంటాను. ఫోను పెట్టేశాక ఆ సర్దుబాటు నిలవదు.

కొన్నేళ్ళకి ఏడో భాగం వచ్చింది. తయారుచేసినవాళ్ళే అందులో తేల్చేశారు. నాలుగోదే అన్నిటికీ మొదలు. తమ్ముడు ఆ గదిలోనే ఉన్నాడు, తాళం వేసింది అప్పే. దాంతోపాటు పాత భాగాలన్నిటికీ రంగులు మెరుగుపెట్టి మళ్ళీ విడుదల చేశారు. కొత్తదాంట్లో చెప్పులు గుడ్డివాడికి కూడా కనబడేంత స్పష్టంగా ఉన్నాయి. పైడిరాజు ఎక్కడో చూశాడు. ఫోను చేసి, బావా, మరి ఆ చెప్పులు, అని ఆగిపోయాడు. ఆ ఆగిన గొంతులో పాత పైడిరాజు ఉన్నాడు. ఊ అంటే చాలు, బయటికి వచ్చేసేవాడు.

అవి ఈ కొత్తదాంట్లో కలిపార్రా, పాతదాంట్లో లేవు, అన్నాను.

చెప్పుల గురించి మొదటి అబద్ధం భయంతో ఆడాను. మీరు క్షమించినా క్షమించొచ్చు. ఈ రెండోది ఆడేటప్పుడు నాకు ఏ భయమూ లేదు. అలవాటైపోయింది, అంతే.

మొన్న వాడు కూతుర్ని తీసుకుని కొట్టుకి వచ్చాడు. పిల్ల చురుకైనది, తండ్రి చేతులే వచ్చాయి. కొట్లో మా పిల్లల కోసం కొత్త లాంతరాట పెట్టాను, దాన్ని ఆడతానంది. భయం లేని నాలుగో భాగం ఇచ్చాను. ఎందుకిచ్చానో నాకే తెలీదు. దొరికిపోవాలని ఉందేమో. అప్పని చకచకా ఆ గది దాకా నడిపించి, ఆగింది.

“నాన్నా, గుమ్మం కాడ సెప్పులున్నాయి. లోపల పిల్లడున్నాడు!”

వాడు పిల్ల తల నిమిరాడు. “కొత్తగా ఎట్టినారమ్మా అయి,” అన్నాడు. “పాతదాంట్లో ఉండీవి కావు. నేనూ ఒకప్పుడు ఉన్నాయనే అనుకున్నాను. మీ మావ సూసి సెప్పినాడు, లేవని. నీకేటైనా అగుపడితే ముందు మావనడుగు.”

పిల్ల నా వైపు తిరిగింది. ఉన్నాయా లేవా చెప్పమన్నట్టు చూస్తోంది. నా చేతిలో పెన్ను ఉంది. కింద పడేశాను. బల్ల కిందికి వంగి, ఈ వయసులో, ఆ పెన్ను కోసం చాలాసేపు వెతికాను.

వాళ్ళు సాయంత్రం సాలూరు బస్సెక్కి వెళ్ళిపోయారు. ఇంకా చెప్పలేదు. రేపు చెబుతానని మీకు మాటివ్వను, నా మాటకి ఎంత విలువుందో మీరు చూశారు. క్షమించమనీ అడగను, అడిగితే వాణ్ణే అడగాలి. కానీ ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా నా నోటితో అనని మాట ఒకటుంది. అది ఇక్కడ రాస్తున్నాను. రాస్తుంటే ఊపిరి కాస్త ఆడుతోంది.

పాత ఆటలో చెప్పులు ఉన్నాయి. గుమ్మానికి ఎడం పక్కన. ఒకటి బోర్లా పడి ఉంది. పైడిరాజు సరిగ్గానే చూశాడు.