నాన్న కనిపెట్టిన మాటల శాస్త్రం

బియ్యం అయిపోతే నిండుకున్నాయనని తెలుగిల్లు ఉండదు. దీపం ఆరితే కొండెక్కిందంటాం. బయటికి పోతూ వెళ్ళొస్తానంటాం. అందరూ అలవాటుగా అనేసి ఊరుకుంటారు. మా నాన్న ఊరుకోలేదు. దాన్నొక శాస్త్రం చేశాడు.

శబరి ఏటి ఒడ్డున కుంట అనే ఊళ్ళో మాది ఉప్పు, బట్టల కొట్టు. రాజుల పాలన పోయి మా బస్తరు సీమ సర్కారు చేతికి వచ్చిన కొన్నేళ్ళకు, నాకు పదేళ్ళప్పటి సంగతి ఇది. అడవి ఊళ్ళవాళ్ళు ఇప్పపువ్వు, చింతపండు తెచ్చి ఉప్పు పట్టుకుపోయేవాళ్ళు. బేరాలు లేని మధ్యాహ్నాల్లో నాన్న బట్టల తానుల మధ్య కూర్చుని నోటుబుక్కులో తన శాస్త్రం రాసుకునేవాడు. ఆయన చెప్పేదాన్ని బట్టి శబ్దం మూడు రకాలు. చెవి దాకా పోయేది, నెత్తురు దాకా పోయేది, లోకం దాకా పోయేది. మూడో రకం శబ్దం పలికితే పలికినట్టే జరిగి తీరుతుంది. ఏ మాట ఏ రకమో తేల్చడానికి ప్రయోగాలు కూడా చేశాడు. రెండు ముంతల్లో పాలు తోడుపెట్టి, ఒకదాని ముందు కూర్చుని "తోడుకుంది, తోడుకుంది" అని గొంతు ఎండేదాకా జపించాడు. చివరికి రెండూ తోడుకున్నాయి. తాను జపించిందే గట్టిగా తోడుకుందని రాసుకున్నాడు. అమ్మ ఆ గట్టి పెరుగే ఆయన విస్తట్లో వడ్డించి, నవ్వు ఆపుకోలేక పెరట్లోకి పరుగెత్తింది.

ఆ శాస్త్రంలో ఒక వెసులుబాటు ఉండేది. పుట్టినప్పటి నుంచి విన్న భాషలోనే శబ్దం పని చేస్తుందట. మా ఒళ్ళు తెలుగు విని పెరిగింది కాబట్టి హిందీ మాట మాకు చెవి దాటి లోపలికి దిగదు. అందుకని చెడ్డ మాటలన్నీ మా ఇంట్లో హిందీలో అనేవాళ్ళం. నూనె ఖతం. ఎద్దు బీమార్. సర్కారు బడిలో హిందీ చదివేది నేనే గనక ఊళ్ళో జబ్బుల కబుర్లు, చావు కబుర్లు ఇంట్లో చెప్పే పని నాకు పడింది. అదేదో పెద్ద పదవి అనుకుని మురిసిపోయేదాన్ని. ఇప్పుడు తలుచుకుంటే ఒళ్ళు మండుతుంది.

ఆ చలికాలంలో అమ్మకు దగ్గు పట్టుకుంది. చలి పోయినా దగ్గు పోలేదు. ఒకరోజు పెరట్లో బట్టలు ఉతుకుతూ దగ్గి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. తీస్తే కొంగు మీద నెత్తురు. నేను చూశానని గమనించి, కొంగును గబగబా నీళ్ళలో ముంచేసింది.

నాన్నకూ తెలుసు. తెలిసే నియమం బిగించాడు. అమ్మకెట్లా ఉందని ఎవరడిగినా బాగుందనాలి. ఆమె కూడా బాగున్నాననే అనాలి. అనగా అనగా లోకం ఆ మాటకు లొంగుతుంది. పిసినారితనంతోనో మొండితనంతోనో పెట్టిన నియమం కాదది. అమ్మంటే ఆయనకు ప్రాణం. ఆమెను బతికించే మందు తన దగ్గరే ఉందని నమ్మాడు. నేనూ నమ్మాను. నమ్ముతూనే భయంతో చచ్చిపోయేదాన్ని.

ఎండాకాలంలో ఏటి అవతలి నుంచి ఒక డాక్టరు వచ్చాడు. ఊరంతా సంబరం. అదివరకు ఎప్పుడో ఒకసారి వచ్చే డాక్టరుది హిందీ. ఆయన ముందు మా ఆడవాళ్ళు నొప్పిని వేళ్ళతో చూపించుకోవాల్సి వచ్చేది. ఈయన మన తెలుగాయన, హిందీ ఒక్క ముక్క రాదు. పొరుగాయన ఆయన్ని మా వాకిట దింపి, ఇంకో ఇంటికి కబురు చెప్పడానికి పోయాడు.

డాక్టరు అమ్మను కూర్చోబెట్టి వీపు మీద గొట్టం పెట్టి విన్నాడు. ఎన్నాళ్ళ నుంచి దగ్గు అని అడిగాడు. అమ్మ బాగున్నానంది. ఆకలవుతుందా అంటే బాగున్నానంది. ఆయన కాసేపు ఆమె మొహంలోకి చూసి, నెమ్మదిగా అడిగాడు.

"నెత్తురు గానీ పడుతోందా అమ్మా?"

నాన్న గుమ్మంలో నిలబడి అమ్మనే చూస్తున్నాడు. అమ్మ తల అడ్డంగా ఊపింది.

నిజం తెలుగులో అంటే అమ్మ నా నోటి వల్లే చచ్చిపోతుందనిపించింది. అనకపోయినా చచ్చిపోతుందనిపించింది. డాక్టరు దగ్గరికి వెళ్ళి, "ఖూన్ ఆతా హై" అన్నాను. నెత్తురు పడుతోందని రెండుసార్లు హిందీలో చెప్పాను. ఆయన నవ్వి, పిల్ల ఏమంటోందని నాన్నను అడిగాడు.

"బడి పాఠం సారూ. కొత్తవాళ్ళను చూస్తే అప్పజెప్తది," అన్నాడు నాన్న.

డాక్టరు నా తల నిమిరి, బాగా చదువుకోమని చెప్పి, ఒక దగ్గుమందు సీసా ఇచ్చి వెళ్ళిపోయాడు.

సాయంత్రం అమ్మ చింతపండులో గింజలు తీస్తూ నన్ను పక్కన కూర్చోమంది. ఆయనకు ఏం చెప్పావని అడిగింది. ఏం లేదన్నాను. ఆమె తల ఎత్తలేదు.

"నాకూ చెప్పాలనే ఉండె బిడ్డా. మీ నాయన అట్ల నా నోటి దిక్కే ఆశగ చూస్తుంటే, నాకు నోరు రాలే."

నేను ఏడ్చాను. ఆమె చింతపండు చేత్తో నన్ను తాకకుండా, మోచేత్తో దగ్గరికి లాక్కుంది.

వానలు ముదిరి శబరి పొంగాక అమ్మకు మంచం దిగే శక్తి లేకపోయింది. డాక్టరు ఏరు దాటి వచ్చే దారి లేదు. నాన్న పడవవాణ్ణి బతిమాలాడు, తిట్టాడు, చివరికి ఒడ్డున బురదలో కూర్చుండిపోయాడు. అమ్మ చచ్చిపోయింది. తెలుగులోనే రాస్తున్నాను.

పెద్దదినం అయ్యాక నాన్న గుండు మీద తువాలు చుట్టుకుని కొట్టు తెరిచాడు. వాగుల వల్ల దారులు తెగి రెండు నెలలుగా రాని అడవి ఊరి ముసలామె ఒకామె ఉప్పు కోసం వచ్చింది. ఆమెకు ఏమీ తెలియదు. కూర్చోగానే, "అమ్మ ఎట్లుంది సావుకారీ?" అని అడిగింది.

"బాగుంది," అన్నాడు నాన్న.

నేను ఉప్పు బస్తా దగ్గర నిలబడి ఉన్నాను. ఆయన్ని చూశాను, నాకూ నోరు రాలేదు. ముసలామె సంతోషపడి, అమ్మకు ఇష్టమని తెచ్చిన బోడకాకరకాయలు కొంగులోంచి తీసి బల్ల మీద పోసింది. నాన్న వాటిని రెండు చేతులతో దగ్గరికి తీసుకున్నాడు.